ఎలుగుబంటి లేని సినిమా

మొన్న కడపలో కంటి ఆసుపత్రికి పోతే రెండు కళ్లలోనూ చుక్కలు వేసి, గంటసేపు కదలకుండా కూర్చోమన్నారు. కదలకుండా కూర్చోవడం అనే పని నాకు చిన్నప్పటి నుంచీ చేతకాదు. కాసేపటికి ఎదురుగా గోడ మీదున్న టీవీ ఒక తెల్లటి మరకయింది, పక్కన కూర్చున్న పెద్దాయన ముఖం ఇంకో మరకయింది. టీవీ మరకలో ఏదో కదులుతోంది గానీ శబ్దం లేదు. "ఏమొస్తాందన్నా అందులో?" అని అడిగాను. "ఏదో పాత సినిమాలే. నలుపూ తెలుపూ. మాట్లాడ్తానే ఉండారు, ఏం మాట్లాడ్తాండారో ఎవురికెరుక" అన్నాడాయన. "ఎవురెవురు కనపడ్తాండారో చెప్పన్నా, కథ నేను చెప్తా" అన్నాను. ఆయన నా వైపు ఎలా చూశాడో నాకు కనబడలేదు, అదొక మేలు. ఒక ఆడమనిషి ఏడుస్తోందన్నాడు, ఒక ముసలాయన గొడుగు తీసుకుని బయటికి పోతున్నాడన్నాడు. ఆ రెండింటి నడుమా నేను అల్లుకుంటూ పోయాను. నర్సు వచ్చి నా పేరు పిలిచేసరికి మా చుట్టూ ఇంకో నలుగురు చేరి చెవులప్పగించి వింటున్నారు.

నల్ల కళ్లద్దాలతో ఆటోలో ఇంటికొస్తుంటే ఈ విద్య నాకెక్కడ అబ్బిందా అని ఆలోచించాను. అది నేను నేర్చింది ఒక నేపాలీ దగ్గర. అతను నేర్చింది వాళ్ల నాన్న దగ్గర. ఆ నాన్నను నేను చూడలేదు, గొంతు మాత్రం ఒక్కసారి విన్నాను.

దుబాయ్‌కి అవతల రాస్ అల్ ఖైమాలో ఒక రాతి క్వారీ కంపెనీకి నేను క్యాంప్ బాస్‌గా ఉండేవాడిని. బాస్ అన్నారు కదా అని పెద్ద ఉద్యోగం అనుకోవద్దు. ఎవరికి ఏ మంచం, ఏ గదిలో ఏసీ చెడింది, మెస్సులో పప్పు ఎందుకు పలచబడింది, ఎవడి చెప్పులు ఎవడు వేసుకుపోయాడు, ఇవన్నీ తీర్చేవాడి పేరే క్యాంప్ బాస్. మేము కొండను పగలగొట్టి కంకర చేసేవాళ్లం, ఆ కంకర లారీలెక్కి దుబాయ్ పోయి బిల్డింగులయ్యేది. 2009లో అక్కడ బిల్డింగులు ఎక్కడివక్కడ ఆగిపోయాయి. కొన్ని నెలలకు ఆ ఆగిపోవడం వెనక్కి నడుచుకుంటూ మా కొండ దాకా వచ్చింది. రెండు వందల మంది ఉండే క్యాంపు యాభై మందికి తగ్గింది. మిగిలినవాళ్లు పొద్దున్నే అయిదున్నరకు డ్రెస్సు వేసుకుని, హెల్మెట్టు పెట్టుకుని, టిఫిన్ డబ్బా పట్టుకుని గేటు దగ్గర నిలబడేవాళ్లు. ఆరున్నరకు ఆఫీసు నుంచి ఫోను వచ్చేది. మా ముదీర్, అంటే మేనేజరు, పాలస్తీనా ఆయన, మంచి మనిషే. ఆయన చెప్పేది ఒకటే మాట: "బుక్రా." రేపు. అందరూ హెల్మెట్లు తీసేసేవాళ్లు. టిఫిన్ డబ్బాలోది ఏడు గంటలకే తినేసేవాళ్లు. ఆ తర్వాత పగలంతా అలాగే మిగిలి ఉండేది.

పని లేకపోవడం విశ్రాంతి అనుకునేవాళ్లు ఎప్పుడూ పని లేకుండా ఉండి ఎరగరు. రాయి పగిలే చప్పుడుకు అలవాటైన చెవులకు ఆ నిశ్శబ్దం పడలేదు. గదిలో ఉంటే బయటికి పోవాలనిపించేది, బయట ఎండలో నిలబడితే గదిలోకి పోవాలనిపించేది. చీట్లాటలో గొడవలు, తల వెంట్రుకలు కత్తిరించడంలో గొడవలు, ఆఖరికి పిల్లికి ఎవడు పాలు పొయ్యాలన్న దానికీ గొడవ. వాటన్నిటికీ తీర్పులు చెప్పి చెప్పి నాకూ లోపల ఒకటే పీకులాట. దానికి మందుగా నా గదిలో ఒక టీవీ, ఒక ప్లేయరు, ఒక అట్టపెట్టె నిండా పాత తెలుగు సినిమాల సీడీలు ఉండేవి. మా మామూ, అంటే మా అమ్మ తమ్ముడు, మా వైపు ఊళ్లలో తిరిగే టూరింగ్ టాకీసులో ఆపరేటరుగా పనిచేశాడు. నా బాల్యం సగం ఆ డేరా కిందే గడిచింది. షార్జా పోయినప్పుడల్లా ఒక దుకాణంలో దుమ్ము పట్టిన సీడీలు ఏరుకొచ్చేవాడిని. కిటికీకి దుప్పటి కట్టేసి, పొద్దున తొమ్మిదికల్లా ఒక సినిమా మొదలుపెట్టేవాడిని.

ఆ నేపాలీ క్రషర్ ఆపరేటరు. ముప్పై అయిదు దాటి ఉంటాయి, పొట్టి మనిషి, గట్టి పిక్కలు. పని ఆగినప్పటి నుంచీ అతను నడక మొదలుపెట్టాడు. క్యాంపు కంచె లోపలి వైపున ఒకటే తిరగడం. ఎవరైనా ఎందుకు తిరుగుతున్నావంటే "మోకాళ్లు తుప్పు పడతాయి" అనేవాడు. నన్ను దాయి అని పిలిచేవాడు, వాళ్ల భాషలో అన్న అని. నేను భాయ్ అనేవాడిని. మా మాటలన్నీ హిందీలోనే. నాది కడప హిందీ, అతనిది బొంబాయి హోటళ్లలో కొన్నాళ్లు పనిచేసి తెచ్చుకున్న హిందీ. నా కిటికీ అతని దారిలో ఉంది. దుప్పటికి ఒక మూల చిరుగు ఉండేది. ప్రతి చుట్టులోనూ అతను అక్కడ ఒక నిమిషం ఆగి, లోపలికి చూసి, మళ్లీ నడక సాగించేవాడు. నాలుగు రోజులు చూసి, అయిదో రోజు తలుపు తీసి, "లోపలికి వచ్చి చూడు భాయ్, చిరుగు పెద్దదవుతోంది" అన్నాను. వచ్చాడు గానీ మంచం మీద కూర్చోలేదు. గడప దగ్గర ఒక స్టూలు వేసుకున్నాడు, లేచిపోవడానికి వీలుగా.

మొదట అడిగిన ప్రశ్న నాకింకా గుర్తు. "దాయి, దీనికి రంగులు ఎప్పుడు పోయాయి?" బట్ట వెలిసినట్టు సినిమా కూడా వెలిసిపోయిందని అతని అనుకోలు. అసలు పుట్టుకే ఇంత అంటే చాలాసేపు నమ్మలేదు. ఆ రోజు నడుస్తున్నది ఒక పౌరాణికం. కైలాసం సెట్టు వచ్చింది. అట్ట కొండలు, దూది మంచు, పొగ, దాని నడుమ దేవుళ్లు. ఇన్నాళ్లూ నవ్వని మనిషి ఒక్కసారిగా పొట్ట పట్టుకుని నవ్వాడు. "ఇంత మంచులో ఒంటి మీద చొక్కా లేకుండా కూర్చున్నారే! దాయి, మంచు మీద నడిస్తే అడుగు లోపలికి దిగాలి. వీళ్లు నడుస్తుంటే చెక్క చప్పుడవుతోంది."

మెస్సులో వంటమనిషి జగిత్యాల అతను. చాయ్ ఫ్లాస్కు పట్టుకుని అప్పుడే వచ్చాడు. అతనికి కోపం వచ్చింది. "దేవుళ్లకు చలేందిరా బై? నీకెర్కనా? అన్నా, గీ గూర్ఖాకు మన సినిమాలెందుకన్నా, పైసల్ దండుగ" అన్నాడు. నేపాలీ నవ్వు టక్కున ఆగిపోయింది. స్టూలు మీది నుంచి లేచాడు. "గూర్ఖా అనకు. నేను మెషిన్ నడిపేవాడిని. గూర్ఖా మా బువా" అని వెళ్లి మళ్లీ నడక మొదలుపెట్టాడు. నేపాలీలో బువా అంటే నాన్న. మన పసిపిల్లలు అన్నాన్ని పిలిచే మాటలా ఉందని నేను నవ్వుకున్నాను గానీ, ఆ మాట అంటున్నప్పుడు అతని ముఖం చూస్తే నవ్వే విషయం కాదని తెలుస్తూనే ఉంది.

మర్నాడు మళ్లీ వచ్చాడు. వంటమనిషి కూడా వచ్చి, అతనికి ఒక గ్లాసు ఎక్కువ చాయ్ పోశాడు, అదే అతని క్షమాపణ. అలా మా ముగ్గురికీ ఒక అలవాటు పడింది. భాష రాని మనిషికి నేను హిందీలో కథ చెప్పేవాడిని. పురాణం చెప్పేది ఒక సాయిబు, వినేది ఒక నేపాలీ, తప్పులు దిద్దేది జగిత్యాల వంటాయన. మాటలు తెలియకపోవడంతో నేపాలీ చూపు ఎక్కడెక్కడికో పోయేది. నేను కథానాయిక కన్నీళ్లు చూస్తుంటే అతను వెనక గోడ మీద రెండు నీడలు పడ్డాయని చూసేవాడు. "ఇంట్లో ఇద్దరు సూర్యులున్నారు" అనేవాడు. యుద్ధంలో చచ్చి పడిన సైనికుడు కన్ను గీరుకోవడం కనిపెట్టేవాడు. ఒకే ముసలావిడ మూడు సినిమాల్లో నీళ్లు మోసుకుంటూ వెనక నుంచి పోవడం చూసి, ఆమె వచ్చినప్పుడల్లా చెయ్యెత్తి పలకరించేవాడు. ముప్పై ఏళ్లుగా చూస్తున్న సినిమాలు నాకు మొదటిసారి కనబడటం మొదలయ్యాయి.

ఒకరోజు పెట్టెలోంచి ఒక సాంఘికం తీశాను. పెద్దగా పేరు లేని సినిమా, అట్ట మీద బొమ్మ కూడా చినిగిపోయింది. మొదట్లోనే వాన, ఒక చిన్న రైల్వే స్టేషను. ప్లాట్‌ఫారం మీద ఎవరో వదిలేసిన హార్మోనియం పెట్టె, దాని పక్కన ఏడుస్తున్న ఆడపిల్ల. స్టేషను మాస్టరు లాంతరు ఎత్తి చూస్తాడు. గడప దగ్గర స్టూలు కింద పడిన చప్పుడైంది. చూస్తే అతను నిలబడి ఉన్నాడు.

"ఇది నాకు తెలుసు" అన్నాడు. "ఇప్పుడు ఆయన తన కోటు విప్పి పాపకు కప్పుతాడు."

స్టేషను మాస్టరు కోటు విప్పి కప్పాడు.

"ఇంతకు ముందు చూశావా?" అన్నాను.

"చూడలేదు. విన్నాను. మా బువా చెప్పాడు."

సినిమా ఆపి అతన్ని కూర్చోబెట్టాను. అప్పుడు చెప్పాడు. వాళ్ల నాన్న బెజవాడలో ఒక సినిమా హాలుకు గూర్ఖా. ఖాకీ బట్టలు, చేతిలో లాఠీ, పాతికేళ్లు ఆ గేటు దగ్గరే నిలబడ్డాడు. రెండేళ్లకోసారి నెల రోజులు ఇంటికి వచ్చేవాడు. బస్సు దిగి కొండ దారిన మూడు రోజులు నడిస్తే ఇల్లు. ఆ నెల రోజులూ సాయంత్రం అయ్యేసరికి పొయ్యి చుట్టూ కూర్చోబెట్టి సినిమా కథలు చెప్పేవాడు. ఆ కథలు తప్ప నాన్న దగ్గర తనకు గుర్తున్నది ఇంకేమీ లేదన్నాడు. తల్లి జబ్బు పడి పోయినప్పుడు ఊరి నుంచి తంతి కొట్టారు. ఆయన చేరేసరికి పన్నెండు రోజులయింది. ఉద్యోగం మానేసి పూర్తిగా ఇంటికి వచ్చేనాటికి కొడుక్కి పద్దెనిమిదేళ్లు. "ఇంట్లో ఎవరో కొత్తమనిషి వచ్చి కూర్చుని నన్ను అది చెయ్యి ఇది చెయ్యి అన్నట్టుండేది" అన్నాడు. అందుకే బొంబాయి, అందుకే గల్ఫ్. ఇప్పుడు ఆ ముసలాయన నేపాల్‌లోనే బుట్వల్ అనే ఊళ్లో కూతురింట్లో ఉన్నాడు. అక్క ఫోను చేసినప్పుడల్లా బువాతో ఒక్క మాట మాట్లాడమంటుంది. ఇతను లైను సరిగా లేదంటాడు.

"కథ చెప్పు, చూద్దాం" అన్నాను. చెప్పాడు. స్టేషను మాస్టరు పాపను పెంచుకుంటాడు. ఒక రోజు పాపకు జ్వరం వస్తుంది. మందు కోసం మాస్టరు లాంతరు పట్టుకుని కొండలు దాటి పోతాడు. దారిలో వేలాడే వంతెన, కింద తెల్లటి నది. వంతెన దాటగానే ఎలుగుబంటి. మాస్టరు దానికి లాంతరు చూపించి, రైలు కూత కూస్తాడు. ఎలుగుబంటి దారి ఇచ్చి, పచ్చజెండా చూసినట్టు పక్కకు నిలబడుతుంది. ఇక్కడ అతను వాళ్ల నాన్నలాగే కూత కూసి, ఎలుగుబంటిలా పక్కకు జరిగాడు. ఆఖర్న పాప పెద్దదై అదే ప్లాట్‌ఫారం మీద హార్మోనియం వాయిస్తుంటే, మాస్టరు లాంతరు ఆర్పి ఆమె చేతికిస్తాడు. అదీ కథ.

సినిమా మళ్లీ పెట్టాను. మొదటి పది నిమిషాలూ పొల్లు పోకుండా అతను చెప్పినట్టే ఉంది. ఆ తర్వాత వీలునామా వచ్చింది, దొంగ సంతకం వచ్చింది, కోర్టు వచ్చింది, మేనమామ వచ్చాడు, ఒక క్లబ్బులో డాన్సు వచ్చింది. అతను ఊరుకోలేకపోయాడు. "ఎలుగుబంటి ఏది?" అని అయిదు నిమిషాలకోసారి అడిగాడు. "వస్తదేమో ఆగు బై" అని వంటమనిషి కూడా ఎదురుచూడటం మొదలుపెట్టాడు. రాలేదు. ఆఖరి సీను మాత్రం, ప్లాట్‌ఫారం, హార్మోనియం, ఆరిన లాంతరు, అంతా నాన్న చెప్పినట్టే వచ్చింది.

పెట్టె తిరగేసి ఆ తర్వాత రోజుల్లో అతనికి గుర్తున్న కథల్లో ఇంకో రెండు పట్టుకున్నాం. అదే వరస. మొదలు నిజం, ముగింపు నిజం, నడుమ అంతా ఎక్కడిదో. రాజుల కథలోనూ ఆ వేలాడే వంతెనే, ఇద్దరు అన్నదమ్ముల కథలోనూ ఆ ఎలుగుబంటే. అతనికి నిద్ర పట్టడం మానేసింది. "మమ్మల్ని మోసం చేశాడు" అన్నాడు. నాకు మా మామూ టాకీసు గుర్తొచ్చింది. అక్కడి గేటు మనిషి కూడా ఆట మొదలయ్యాక జనం సర్దుకునే దాకా లోపల నిలబడేవాడు, తర్వాత సైకిళ్ల దగ్గర కాపలాకు పోయేవాడు, ఆఖర్న తలుపులు తీయడానికి మళ్లీ వచ్చేవాడు. అదే చెప్పాను. "భాయ్, మీ నాన్న చూసింది అంతే. మొదలూ చివరా. భాష కూడా రాదు. నడుమ ఏం జరిగిందో ఆయనకెవరు చెప్తారు? మీకు చెప్పడానికి దారిలో నడుస్తూ అల్లుకుని ఉంటాడు." అతను చెప్పు కొనతో నేల మీద ఒక గీత గీశాడు. "ఆ వంతెన మాదే" అన్నాడు. "నడిచిపోతుంటే మా ఊరు చేరే ముందు రోజు వస్తుంది."

శుక్రవారం మధ్యాహ్నం నేను నమాజు నుంచి తిరిగొచ్చేసరికి అతను నా గది ముందు ఫోను పట్టుకుని నిలబడ్డాడు. ఒంటరిగా చెయ్యలేనన్నాడు. లోపలికి వచ్చి, మొదటిసారిగా నా మంచం మీద కూర్చుని, అక్కకు చేశాడు. ఆమె ముందు ఏడ్చింది, తర్వాత ఫోను లోపలికి తీసుకుపోయింది. ముసలాయన గొంతు వచ్చింది, బొంగురుగా, చాలా నెమ్మదిగా. స్పీకరులో పెట్టాడు గానీ నాకేం అర్థమవుతుంది? ఇతను ఏదో అడిగాడు. తర్వాత ఆ గొంతు కథ చెప్పడం మొదలుపెట్టింది. నాకు నేపాలీ ఒక్క ముక్క రాదు, అయినా ఎక్కడ వాన పడిందో, ఎక్కడ కోటు విప్పాడో తెలుస్తూనే ఉంది. ముసలాయన రైలు కూత కూశాడు, దగ్గు వచ్చి ఆగాడు. అప్పుడు ఇతను కొంచెం కోపంగానే ఏదో అన్నాడు. అవతలి నుంచి జవాబు వచ్చింది.

ఫోను పెట్టేశాక అడిగాను, ఏమన్నాడని.

"సినిమా నేను చూశాను బువా, అందులో ఎలుగుబంటి లేదు అన్నాను. నాకు తెలుసురా, నేనూ ఒకసారి పూర్తిగా చూశాను అన్నాడు. మేనేజరు కుర్చీ వేసి కూర్చోబెట్టి చూపించాడట. నడుమంతా పనికిమాలిన కోర్టు గొడవ, అది మీకేం చెప్తాను అన్నాడు." అతను ఫోను మంచం మీద పెట్టాడు. "మీ అమ్మ ఎలుగుబంటి వస్తేనే నవ్వేది, అన్నాడు."

నా సిద్ధాంతం అలా ఒక్క మాటతో కుప్పకూలింది. ముసలాయన తెలియక అల్లలేదు, తెలిసే కోసి కుట్టాడు. సినిమా తీసినవాళ్లకు రాని పని చేశాడు.

ఇక్కడి దాకా ఈ కథ నేను చాలామందికి చెప్పాను. ఇక్కడ ఆపేసేవాడిని కూడా. మిగతాది ఇప్పుడే రాస్తున్నాను.

ఆ మర్నాడే అతను నా దగ్గరికి వచ్చి, ఇంటికి పోతానన్నాడు. అక్క విడిగా చెప్పిందట, ఆయనకు రోజూ ఇంత తెలివి ఉండదు, నిన్న నీ అదృష్టం అని. పాస్‌పోర్టులు కంపెనీ దగ్గరే ఉండేవి, రెండు మూడు వారాలకోసారి అదే కొంతమందిని ఇంటికి పంపేది. ఆ లిస్టు రాసి ముదీర్‌కు ఇవ్వాల్సింది నేను. మెషిన్లు తుప్పు పట్టకుండా చూడటానికి కొందరిని ఉంచుకోవాలి, ఆ లిస్టూ నాదే. అతని పేరు మొదటి నుంచీ ఉంచుకునేవాళ్లలో రాశాను, అప్పట్లో అతనికి పోవాలని లేదు కాబట్టి తప్పేమీ లేదు. ఇప్పుడు ఒక గీత కొట్టి ఇంకో కాగితంలో రాస్తే సరిపోతుంది. "రాస్తాను భాయ్" అన్నాను. రాయలేదు. క్రషర్ గురించి అతనికి తెలిసినంత ఇంకెవరికీ తెలియదని నాకు నేను చెప్పుకున్నాను. అది నిజమే. కానీ ఇంకో నిజం ఉంది. అతను పోతే ఆ పొద్దున తొమ్మిదింటి సినిమాకు నేనొక్కడినే. ఆ కొండ కింద, ఆ దుమ్ములో, ఆ పగళ్లను మళ్లీ ఒంటరిగా ఈదాలంటే నాకు భయం వేసింది.

మొదటి వారం అడిగితే ముదీర్ ఊళ్లో లేడన్నాను. రెండో వారం ఒక బ్యాచ్ పోయింది, అందులో అతని పేరు లేదు. "ఏమైంది దాయి?" అన్నాడు. "బుక్రా" అన్నాను. ఆ మాట నా నోట్లోంచి ఎంత సులువుగా వచ్చిందో! అతను సినిమాకు రావడం మానేశాడు. ఎండలు ముదిరాయి, అయినా తలకు తువ్వాలు చుట్టుకుని కంచె వెంట తిరిగేవాడు. నా కిటికీ దగ్గర ఆగేవాడు కాదు. నేను సినిమా పెట్టుకుని చూడలేక, బయటికి పోయి అతన్ని పలకరించలేక, గదిలోనే మంచానికీ తలుపుకీ మధ్య తిరిగేవాడిని. ఏ మనిషి తోడు కోసం ఈ పని చేశానో ఆ మనిషే నాకు దూరమైపోయాడు. మూడో వారం వంటమనిషి ప్లేట్లు సర్దుతూ, నా వైపు చూడకుండా, "అన్నా, ఆయన్ని ఇంటికి తోలియ్యి. మంచిగలేదు" అన్నాడు. అతనికి ఎంత తెలుసో నేనడగలేదు. ఆ రోజే కారులో ఆఫీసుకు పోయి ముదీర్ ఎదురుగా కూర్చున్నాను. ఆయన కాగితం మీద సంతకం పెట్టడానికి అర నిమిషం కూడా పట్టలేదు. "ముందే చెప్పొచ్చు కదా" అన్నాడు.

పోయే రోజు అతను నా రెండు చేతులూ పట్టుకుని, "నీ వల్లే పోతున్నాను దాయి" అన్నాడు. వ్యాను కదిలిపోయింది. ఆ మాట మాత్రం నన్ను ఏడేళ్లు కుదురుగా ఉండనివ్వలేదు.

2017లో నేను దుబాయ్ చివర జెబెల్ అలీలో వేరే కంపెనీ క్యాంపులో ఉన్నాను. ఒక సాయంత్రం కాంపౌండు బయట టీ కొట్టు దగ్గర ఎవరో వెనక నుంచి దాయి అని పిలిచారు. జుట్టు కొంచెం తెల్లబడింది, పిక్కలు అవే. పక్క ఫ్యాక్టరీలో ఫోర్క్‌లిఫ్ట్ నడుపుతున్నాడు, పెళ్లయింది, ఒక కూతురు. కరక్ చాయ్ తీసుకుని గట్టు మీద కూర్చున్నాం. నేను అడగడానికి జంకుతుంటే తనే చెప్పాడు. అతను చేరేసరికి వాళ్ల నాన్నకు మాట పడిపోయి మూడు రోజులయిందట. మనిషి ఉన్నాడు, కళ్లు తెరిచే ఉన్నాడు, గుర్తుపట్టాడో లేదో తెలియదు.

"పక్కన కూర్చుని నేను చెప్పాను, హార్మోనియం కథ. నిజం కథ చెబుదామని కోర్టు, వీలునామా, మేనమామ అన్నీ చెప్పాను. ఆయన ముఖం గోడ వైపు తిప్పుకున్నాడు. సరే అని వెనక్కి వచ్చి వంతెన దగ్గర నుంచి మళ్లీ మొదలుపెట్టాను. లాంతరు, నది, ఎలుగుబంటి. కూత కూశాను. అప్పుడు ఇటు తిరిగాడు." తొమ్మిది రోజులు అలా రోజుకొక కథ చెప్పాడట. పదో రోజు పొద్దున ఆయన పోయాడు. "అమ్మకు ఆయన పన్నెండు రోజులు ఆలస్యం. ఆయన మాటకు నేను మూడు రోజులు ఆలస్యం. మా ఇంట్లో ఎవరూ టైముకు రారు దాయి" అని నవ్వాడు.

ఆ నవ్వుతో నేను కూడా నవ్వేసి ఊరుకుని ఉండొచ్చు. చాయ్ చల్లారిపోయింది. చెప్పాను. లిస్టు సంగతి, ముదీర్ ఊళ్లోనే ఉన్న సంగతి, నేనెందుకు రాయలేదో ఆ సంగతి. చెబుతున్నంతసేపూ అతను రోడ్డు మీద పోతున్న కంటైనర్ లారీలను చూస్తున్నాడు. నేను ఆపాక కూడా చాలా లారీలు పోయాయి.

"ఎన్ని రోజులు?" అన్నాడు.

"మూడు వారాలు."

తల ఊపాడు. కోప్పడతాడని చూశాను, తిడతాడని చూశాను. కప్పు పక్కన పెట్టి, "డ్యూటీ ఉంది" అని లేచాడు. నాలుగు అడుగులు వేసి వెనక్కి తిరిగి, "దాయి, నువ్వు ఆ సినిమా చూపించకపోతే నేను ఫోనే చేసేవాణ్ణి కాదు. అది కూడా నిజమే" అన్నాడు. రెంటిలో ఏది బరువో తూచి చెప్పలేదు, నేనూ అడగలేదు. ఆ తర్వాత నేను దేశానికి వచ్చేసేదాకా, 2019 దాకా, అప్పుడప్పుడూ ఆ టీ కొట్టు దగ్గర కలిసేవాళ్లం. అతని కూతురు గురించి, నా మోకాళ్ల గురించి, ఎండల గురించి మాట్లాడుకునేవాళ్లం. సినిమాల మాట మాత్రం ఇద్దరం ఎత్తలేదు.

నా సొంత రోజులు ఎన్ని ఊరికే పోగొట్టుకున్నానో నాకు తెలియదు, వాటి మీద పెద్దగా దిగులూ లేదు. ఇంకొకడి రోజులు ఇరవై ఒకటి మాత్రం అప్పుడు నా దగ్గర ఉంచేసుకున్నాను; అవి నాకూ పనికి రాలేదు, తిరిగి ఇద్దామంటే కాలానికి వెనక్కి తీసుకునే అలవాటు లేదు.